సీడు పత్తి చేలో కడుపులోని బిడ్డ

(వడ్డేపల్లిలో మహిళా సంఘాల కార్యకర్తలు, స్వచ్ఛంద సంస్థల సిబ్బంది కలిసిన సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



రసాయనాలు మన ఆరోగ్యాన్ని, పిల్లల మెదడు ఎదుగుదలను ఎలా దెబ్బతీస్తున్నాయో మాట్లాడమని నన్ను పిలిచారు. చాలా పెద్ద విషయం ఇది. ఫ్యాక్టరీ పొగ నుంచి నల్గొండ నీళ్ళలోని ఫ్లోరైడ్ దాకా అన్నీ దీని కిందికే వస్తాయి. వడ్డేపల్లిలో కూర్చుని మాట్లాడుతున్నాం కాబట్టి ఇక్కడి చేనుతోనే మొదలుపెడదాం. కృష్ణకూ తుంగభద్రకూ మధ్య ఉన్న ఈ నడిగడ్డ హైబ్రిడ్ పత్తి విత్తనానికి దేశమంతటా పేరుపడ్డ ప్రాంతం. ఎక్కడో ఒక రైతు కొనే విత్తనం ప్యాకెట్టు వెనక ఈ మండలాల ఆడవాళ్ళ చేతులున్నాయి. ఆ చేతులకు అంటుకునే విషం గురించి, అది ఇంకా పుట్టని బిడ్డ మెదడు దాకా ఎలా చేరుతుందో దాని గురించి, అందుకు బాధ్యులెవరో దాని గురించి నాలుగు మాటలు చెబుతాను. నేను డాక్టర్ని కాదు. స్త్రీల ఆరోగ్యం మీద పనిచేసే కార్యకర్తగా చదివినవీ చూసినవీ మీ ముందు పెడుతున్నాను.

క్రాసింగ్ పని అంటే

ఇక్కడున్న చాలామందికి ఈ పని నాకంటే బాగా తెలుసు. పట్నం నుంచి వచ్చిన మిత్రుల కోసం క్లుప్తంగా చెబుతాను. హైబ్రిడ్ విత్తనం దానంతటది తయారు కాదు. మర్నాడు విచ్చుకోబోయే మొగ్గను ముందు రోజే వేళ్ళతో గిల్లి, అందులోని మగ భాగాన్ని తీసేయాలి. మర్నాడు పొద్దున మగ మొక్కల పూలు తెచ్చి, వాటి పుప్పొడిని ఒక్కొక్క పూవుకూ అద్దాలి. చేలోని ప్రతి మొక్కకూ, ప్రతి పూవుకూ, పూత ఉన్నన్నాళ్ళూ, రోజూ ఇదే పని. మామూలు పత్తికి పట్టే కూలి కంటే అనేక రెట్ల కూలి దీనికి పడుతుంది.

ఈ పనికి ఆడవాళ్ళనూ ఆడపిల్లలనూ ఎందుకు పెట్టుకుంటారని అడిగితే, వాళ్ళ వేళ్ళు సన్నవనీ ఓపిక ఎక్కువనీ చెబుతారు. వాళ్ళకు తక్కువ కూలి ఇస్తే సరిపోతుందనే మాట మాత్రం బయటికి రాదు. దావులూరి వెంకటేశ్వర్లు ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ పత్తి విత్తన చేలమీద 2003లో ఇచ్చిన నివేదిక ఈ సంగతిని లెక్కలతో చూపింది. రైతుకు కంపెనీ ఇచ్చే ధరలో పెద్దవాళ్ళ కూలి గిట్టుబాటు కాదు. అందుకని పిల్లల్ని దింపుతారు. వాళ్ళలో ఎక్కువమంది ఆడపిల్లలు, అందులోనూ దళిత, ఆదివాసీ, వెనకబడిన కులాల పిల్లలు. ఆయనే 2015లో ఇచ్చిన మరో నివేదిక ప్రకారం దేశంలో పత్తి విత్తన చేలల్లో పనిచేస్తున్న పిల్లలు దాదాపు 5 లక్షలు. వాళ్ళలో సుమారు 2 లక్షల మందికి 14 ఏళ్ళు కూడా నిండలేదు.

బాలకార్మిక సమస్యగా దీనిమీద చర్చ జరిగింది, జరుగుతోంది. ఎం.వి. ఫౌండేషన్ వంటి సంస్థలు పిల్లల్ని బడికి చేర్చడానికి ఏళ్ళ తరబడి పనిచేశాయి. అంతగా చర్చకు రాని సంగతి ఇంకొకటుంది. ఈ పనిలో మొగ్గను చేత్తో ముట్టుకోక తప్పదు. ఆకు మీద, మొగ్గ మీద నిన్నటి మందు ఇంకా ఉంటుంది. పొద్దుటి మంచుతో అది తడిసి చర్మానికి మరింత అంటుకుంటుంది. ఆ వేళ్ళతోనే చెమట తుడుచుకుంటాం, సద్ది తింటాం, చంటిబిడ్డకు పాలిస్తాం. కొట్టేవాడి మీద మందు పడేది ఆ కాసేపే. క్రాసింగ్ చేసే ఆమె మాత్రం రోజంతా ఆ మొక్కల మధ్యనే ఉంటుంది.

బీటీ పత్తి వస్తే ఈ బాధ తప్పుతుందన్నారు. 2002లో దానికి అనుమతి ఇచ్చారు. మొదట్లో కాయతొలుచు పురుగుకు కొట్టే మందు తగ్గింది. పచ్చదోమ, తెల్లదోమ, పేనుబంక, తామరపురుగు మాత్రం బీటీతో పోయేవి కావు. గులాబీ రంగు పురుగు కూడా బీటీకి తట్టుకోవడం నేర్చుకుంది. డబ్బాలు మళ్ళీ చేలోకి వచ్చాయి.

'మందు' అనే మాట

మన భాషలో జ్వరానికి వేసుకునేదీ మందే, చేనుకు చల్లేదీ మందే. మందు బాగు చేసేదే కదా, చేనుకు రోగమొస్తే మందు కొట్టాలి కదా అనుకుంటాం. అదే డబ్బా తాగి ఒక మనిషి చనిపోతే కూడా "మందు తాగింది" అంటాం. ఈ ఒక్క మాట చాటున చాలా దాక్కుంటోంది. పురుగును చంపడానికి చేసిన పదార్థం ఇది, దీన్ని విషమనే పిలవాలి. కరపత్రాల్లో, పాటల్లో, సంఘం సమావేశాల్లో ఆ పేరుతోనే పిలవడం అలవాటు చేసుకుందాం.

ఈ విషాల్లో ఎక్కువగా వాడుతూ వచ్చిన జాతి ఆర్గానోఫాస్ఫేట్లు. మోనోక్రోటోఫాస్, క్లోర్‌పైరిఫాస్, క్వినాల్‌ఫాస్, ప్రొఫెనోఫాస్, ఎసిఫేట్ అన్నీ ఆ జాతివే. ఇవి పురుగును ఎలా చంపుతాయో తెలిస్తే మనకేం చేస్తాయో తెలుస్తుంది. ఒక నరం ఇంకో నరానికి కబురు పంపడానికి ఎసిటైల్‌కోలిన్ అనే పదార్థం విడుదలవుతుంది. కబురు అందగానే దాన్ని చెరిపేయడానికి శరీరంలో ఒక ఎంజైమ్ ఉంటుంది. ఆర్గానోఫాస్ఫేటు ఆ ఎంజైమ్‌ను పట్టి కట్టేస్తుంది. ఇక కబురు ఆగదు. నరం కొట్టుకుంటూనే ఉంటుంది. చెమట, చొల్లు, కన్నీళ్ళు, వాంతులు, కంటిపాప గుండుసూది మొనంత కావడం, కండరాలు అదరడం, ఊపిరి అందకపోవడం అన్నీ దాని ఫలితాలే. పురుగుకూ మనిషికీ ఈ ఎంజైమ్ ఒకటే పని చేస్తుంది. పురుగు మీద పనిచేసే విషం మనిషిని వదిలిపెట్టదు.

కడుపులో మెదడు తయారయ్యేటప్పుడు

పెద్దవాళ్ళలో ఎసిటైల్‌కోలిన్ పని కబురు మోయడం. కడుపులోని బిడ్డలో దానికి ఇంకో పని కూడా ఉంది. కొత్తగా పుట్టే నరాల కణాలు ఎక్కడికి వెళ్ళాలో, దేనితో కలవాలో, ఎప్పుడు ఎదగాలో చెప్పే సంకేతాల్లో అదీ ఒకటి. ఇల్లు కట్టే దశలో గోడ వంకరపోతే తర్వాత సున్నం వేసి దాచవచ్చు గాని, సరిచేయలేం. మెదడు కట్టుబడి కూడా అంతే. ప్రతి దశా ఒక్కసారే వస్తుంది.

మెదడూ వెన్నుపామూ అయ్యే నాళం గర్భం నిలిచిన 28 రోజుల్లో మూసుకుంటుంది. అప్పటికి చాలామంది ఆడవాళ్ళకు నెల తప్పిందన్న అనుమానం కూడా సరిగ్గా రాదు. మెదడు వేగంగా పెరిగేది చివరి మూడు నెలల్లో, పుట్టిన తర్వాత మొదటి రెండేళ్ళలో. విషాన్ని విరిచే ఎంజైములు శిశువులో పెద్దవాళ్ళకంటే చాలా తక్కువ. తల్లి ఒంటికి తల తిరుగుడుతో పోయే మోతాదు బిడ్డకు అంత తేలిగ్గా పోదు.

మావి అన్నిటినీ వడగట్టి బిడ్డను కాపాడుతుందని ఒకప్పుడు వైద్యులూ నమ్మేవారు. ఆ నమ్మకాన్ని బద్దలుకొట్టిన ఊరు జపాన్‌లోని మినమాటా. ఒక రసాయన కర్మాగారం సముద్రంలోకి వదిలిన పాదరసం చేపల్లో చేరి, చేపలు తిన్నవాళ్ళకు నరాల జబ్బు తెచ్చిందని 1956లో బయటపడింది. తల్లులు కొందరు బాగానే కనిపించారు, పిల్లలు మాత్రం తీవ్రమైన వైకల్యాలతో పుట్టారు. తల్లి ఒంట్లోని పాదరసం మావి దాటి బిడ్డలోకి వెళ్ళింది. అక్కడ పుట్టిన బిడ్డ బొడ్డుతాడును ఎండబెట్టి దాచుకునే ఆచారం ఉంది. తల్లులు భద్రంగా దాచుకున్న ఆ బొడ్డుతాళ్ళలోని పాదరసాన్ని కొలిచి పరిశోధకులు సాక్ష్యం చూపగలిగారు.

పెట్రోలులో కలిపిన సీసం కథ కూడా ఇలాంటిదే. పిల్లల తెలివితేటలను సీసం తగ్గిస్తుందని 1970ల చివరికే పరిశోధనలు చూపాయి. మన దేశంలో సీసం కలిపిన పెట్రోలు ఆగింది 2000లో. హాని తెలిసిన నాటికీ వాడకం ఆగిన నాటికీ మధ్య ఒక తరం పిల్లలు పెద్దవాళ్ళయిపోయారు.

పురుగు విషాల గురించి తెలిసినది

మెక్సికోలో యాకీ లోయ అనే ప్రాంతముంది. లోయలో పురుగు మందులతో పెద్దయెత్తున సేద్యం జరుగుతుంది. పక్కనున్న కొండవాలు ఊళ్ళలో పశువుల పెంపకం ఎక్కువ, మందుల వాడకం తక్కువ. రెండు చోట్లా ఒకే జాతి మనుషులు, ఒకే తిండి, ఒకే ఆచారాలు. ఎలిజబెత్ గిలెట్ అనే మానవశాస్త్రవేత్త తన సహచరులతో కలిసి 4, 5 ఏళ్ళ పిల్లలతో ఆటలాడించి, 1998లో ఫలితాలు ప్రచురించింది. బంతి పట్టుకోవడంలో, ఎగరడంలో, చెప్పినది గుర్తుంచుకోవడంలో లోయ పిల్లలు వెనకబడ్డారు. మనిషి బొమ్మ గీయమంటే కొండవాలు పిల్లలు తల, చేతులు, కాళ్ళు గీశారు. లోయ పిల్లల్లో చాలామంది గీసినవి మనిషిగా పోల్చుకోలేని గీతలు. ఆ బొమ్మలు పక్కపక్కన పెట్టి చూస్తే ఎవరికీ వివరించి చెప్పనక్కరలేదు.

ఆ పద్ధతినే మన దేశపు పత్తి ప్రాంతాలకు తెచ్చి గ్రీన్‌పీస్ సంస్థ 2004లో ఒక అధ్యయనం వెలువరించింది. ఆరు రాష్ట్రాల్లో జరిగిన ఆ పనిలో మన వరంగల్ జిల్లా ఉంది, ఇక్కడికి పొరుగునే ఉన్న రాయచూరు ఉంది. మందులు ఎక్కువగా వాడే ఊళ్ళ పిల్లలు మూడింట రెండు వంతులకు పైగా పరీక్షల్లో వెనకబడ్డారు.

బొమ్మలతో, ఆటలతో ఏం తేలుతుందని అనేవాళ్ళకు ఇంకో రకం సాక్ష్యం ఉంది. అమెరికాలో మూడు విశ్వవిద్యాలయాల బృందాలు గర్భిణులను ముందే నమోదు చేసుకుని, వాళ్ళ మూత్రంలోనో బొడ్డుతాడు రక్తంలోనో ఈ విషాల జాడను కొలిచి, పుట్టిన పిల్లలను ఏళ్ళ తరబడి గమనించాయి. మూడింటి ఫలితాలూ 2011లో ఒకేసారి వచ్చాయి. కాలిఫోర్నియాలోని సలీనాస్ లోయలో తల్లుల్లో చాలామంది మెక్సికో నుంచి వచ్చిన వ్యవసాయ కూలి కుటుంబాల వాళ్ళు. గర్భంలో ఉండగా అందరికంటే ఎక్కువ విషం సోకిన పిల్లలకు, అందరికంటే తక్కువ సోకిన పిల్లలకు మధ్య ఏడేళ్ళ వయసులో తెలివి పరీక్షలో 7 పాయింట్ల తేడా కనిపించింది. న్యూయార్క్ తల్లులు ఏ చేలోకీ వెళ్ళినవాళ్ళు కాదు. బొద్దింకలకని ఇళ్ళలో కొట్టిన క్లోర్‌పైరిఫాసే వాళ్ళ పిల్లలకు తగిలింది. 2012లో అదే బృందం 40 మంది పిల్లల మెదళ్ళను స్కాన్ చేస్తే ఎక్కువ విషం సోకినవాళ్ళ మెదడు ఆకారంలోనే తేడాలు కనిపించాయి.

"పేదరికం వల్ల, తల్లికి చదువు లేకపోవడం వల్ల పిల్లలు వెనకబడతారు, మందును ఎందుకంటారు?" అని మనల్ని అడుగుతారు. ఆ పరిశోధకులు తల్లి చదువు, రాబడి వంటివన్నీ లెక్కలోకి తీసుకున్న తర్వాతే ఈ తేడా చెప్పారు. ఇంకో మాట కూడా స్పష్టంగా చెప్పుకోవాలి. ఒక బిడ్డను చూపించి "ఈ బిడ్డ ఇలా కావడానికి ఫలానా డబ్బాయే కారణం" అని ఎవరూ చెప్పలేరు. మనమూ అలా చెప్పకూడదు. ఒక్క పిల్లలో 4, 5 పాయింట్లు తగ్గితే ఇంట్లో కూడా తెలియదు. ఊరు ఊరంతా అంత తగ్గితే మాత్రం బడిలో నిలదొక్కుకోలేని పిల్లల సంఖ్య పెరుగుతుంది. వాళ్ళనే తర్వాత "చదువు రాదు, చేలోకి పంపండి" అంటాం. చేలో తగిలిన దెబ్బ మళ్ళీ వాళ్ళను చేలోకే తెస్తుంది.

డబ్బా మీది త్రికోణం చెప్పనిది

మన దేశంలో పురుగు మందుల చట్టం 1968లో వచ్చింది, నియమాలు 1971లో వచ్చాయి. డబ్బా మీద ఎరుపు, పసుపు, నీలం, ఆకుపచ్చ రంగుల్లో ఒక త్రికోణం ఉండాలన్నది ఆ నియమాల్లోనిదే. ఎరుపు అంటే అతి తీవ్రమైన విషం, దాని తర్వాతది పసుపు. ఈ రంగును ఎలా నిర్ణయిస్తారు? ఎంత మోతాదు ఇస్తే ప్రయోగశాలలో సగం జంతువులు చనిపోతాయో చూసి నిర్ణయిస్తారు. అంటే ఆ రంగు చెప్పేది చావు గురించే. కొద్దికొద్దిగా రోజూ సోకితే కడుపులోని బిడ్డ మెదడుకు ఏమవుతుందో ఏ రంగూ చెప్పదు. క్లోర్‌పైరిఫాస్ డబ్బా మీద పసుపు త్రికోణం చూసి "ఎరుపు కాదుగా" అని ధైర్యపడితే మోసపోయినట్టే. 2019లో యూరప్ ఆహార భద్రతా సంస్థ దీనికి "ఇంతవరకు ఫరవాలేదు" అనే హద్దు పెట్టలేమని తేల్చింది. 2020లో యూరోపియన్ యూనియన్ దాని అనుమతిని పొడిగించలేదు. 2025లో స్టాక్‌హోం ఒప్పందపు దేశాలు కొన్ని మినహాయింపులతో దాన్ని నిర్మూలన జాబితాలో చేర్చాయి.

మన ప్రభుత్వం 2020లో 27 మందులను నిషేధిస్తూ ముసాయిదా తెచ్చింది. క్లోర్‌పైరిఫాస్, క్వినాల్‌ఫాస్, ఎసిఫేట్, మోనోక్రోటోఫాస్ అన్నీ అందులో ఉన్నాయి. కంపెనీలు గోలపెట్టాయి. 2023లో వచ్చిన ఉత్తర్వులో డైకోఫాల్, డైనోకాప్, మెథోమిల్ నిషేధించారు, మోనోక్రోటోఫాస్ 36 శాతం ద్రావణం రిజిస్ట్రేషన్ రద్దు చేశారు. మిగిలినవాటిలో చాలా భాగం తప్పించుకున్నాయి.

నియమాల్లో ఇంకో లోటు కూడా ఉంది. మందు తయారుచేసే, రవాణా చేసే, అమ్మే, కొట్టే మనుషులకు రక్షణ దుస్తులు, శిక్షణ, విరుగుడు మందులు ఉండాలని 1971 నియమాలు చెబుతాయి. కాగితం మీదైనా వాళ్ళకు ఆ మాత్రం హక్కు ఉంది. మందు కొట్టిన మర్నాడు అదే చేలో దిగి ప్రతి మొగ్గనూ ముట్టుకునే మనిషి ఆ వరసలో లేదు. ఆ మనిషి ఆడమనిషి. పంపు మోసేవాడే మందుతో పనిచేసేవాడని చట్టం అనుకుంది. ఆడవాళ్ళు చేసేది మందు పనిగా లెక్కకే రాలేదు. అమెరికాలో 1992లో వచ్చిన నియమాల ప్రకారం మందు కొట్టాక మందును బట్టి కొన్ని గంటల నుంచి కొన్ని రోజులదాకా కూలీలను చేలోకి పంపకూడదు. అలాంటి కట్టుబాటు ఇక్కడి చేలల్లో అమలు చేసేవాళ్ళు లేరు.

ఆడవాళ్ళ పనిని లెక్కలోకి తెచ్చిన ఒక మంచి ఉదాహరణ చెబుతాను. మన దేశంలోని మూడు పత్తి గ్రామాల్లో జరిగిన అధ్యయనం 2005లో ప్రచురితమైంది. ఫ్రాన్సెస్కా మాన్సిని బృందం అందులో 50 మంది ఆడరైతులచేతనే నమోదు చేయించింది. మందు కొట్టిన ప్రతిసారీ తమకూ తమ ఇంటి మగవాళ్ళకూ ఏ లక్షణాలు కనిపించాయో వాళ్ళు రాశారు. నమోదైన 323 సందర్భాల్లో నూటికి 83కు పైగా విషం సోకిన లక్షణాలు ఉన్నాయి. నూటికి ఆరు సార్లు పరిస్థితి చాలా తీవ్రం. అయినా ఒక్కరూ వైద్యానికి వెళ్ళలేదు. మందు కలపడం, పంపులో నింపడం వంటి ఆడవాళ్ళ పనులు కొట్టడమంత ప్రమాదకరమని తేలింది. భూస్వాముల కంటే సన్నకారు రైతులకే తీవ్రంగా విషం సోకింది. ఆ ఆడవాళ్ళు రాసి ఉండకపోతే ఆ 323 సంఘటనల్లో ఒక్కటీ ఏ లెక్కలోకీ వచ్చేది కాదు.

తల్లిని దోషిని చేయకుండా

ఈ విషయం మాట్లాడేటప్పుడు మనం ఒక జాగ్రత్త తీసుకోవాలి. "కడుపుతో ఉండి చేలోకి ఎందుకు పోయావు?" అని అడగడం చాలా సులువు. బిడ్డకు ఏ లోపం కనిపించినా తల్లిని, ఆమె నడతను, ఆమె గ్రహచారాన్ని తప్పుపట్టే సమాజం మనది. సైన్సు పేరుతో మనం ఇంకో రాయి అందివ్వకూడదు. సీజన్లో అడ్వాన్సు తీసుకున్న ఇంటి ఆడమనిషికి పోనంటే పూట గడవదు. వెళ్ళాలా మానాలా అని ఎంచుకునే అవకాశమే లేని మనిషిని ఎంపిక గురించి నిలదీయడం అన్యాయం.

అలాగే, చంటిబిడ్డకు పాలివ్వడం ఆపమని ఎవరికీ చెప్పకండి. పాలలో జాడ ఉండవచ్చునన్న భయం కంటే పాల వల్ల బిడ్డకు కలిగే మేలు ఎంతో ఎక్కువ. తగ్గించవలసింది తల్లికి సోకే విషాన్ని.

చిన్న రైతును కూడా శత్రువుగా చూడలేం. అతడూ అప్పులో ఉన్నాడు, పంపు వీపున మోసేదీ అతడే. మనలోనే చాలామంది సీడు వేసిన రైతు కుటుంబాల వాళ్ళం. విత్తనానికి ధర నిర్ణయించేది కంపెనీ. మధ్యలో ఆర్గనైజర్ ఉంటాడు. నాణ్యత పేరుతో సరుకును వెనక్కి తిప్పేదీ కంపెనీయే. లాభం ఎవరి చేతికి పోతోందో బాధ్యతా వాళ్ళమీదే పడాలి.

దీనికి ఫలితం ఉంటుందా అని నిరాశపడేవాళ్ళు కాసరగోడును గుర్తుచేసుకోవాలి. కేరళలోని ఆ జిల్లాలో ప్రభుత్వ ప్లాంటేషన్ కార్పొరేషన్ జీడిమామిడి తోటలమీద హెలికాప్టర్లతో ఎండోసల్ఫాన్ చల్లించింది. వ్యవసాయ శాఖలోనే ఉద్యోగం చేసే లీలాకుమారి అమ్మ అనే స్త్రీ 1998లో కోర్టుకు వెళ్ళింది. 2000లో ఆ చల్లడం ఆగింది. 2011 మేలో సుప్రీంకోర్టు దేశమంతటా ఎండోసల్ఫాన్‌ను నిలిపివేసింది. 2017 జనవరిలో బాధితులకు 5 లక్షల చొప్పున చెల్లించమని కేరళ ప్రభుత్వాన్ని ఆదేశించింది. ఏళ్ళు పట్టింది, నిజమే. ఆ ఏళ్ళంతా బిడ్డలను ఎత్తుకుని ధర్నాల్లో కూర్చున్నవాళ్ళు తల్లులు.

మనం పట్టుబట్టవలసినవి

మొదటిది, మందు కొట్టిన చేను గట్టున ఎర్రగుడ్డ కట్టాలి. ఏ మందు, ఏ రోజు, ఏ పూట కొట్టారో కూలీలకు చెప్పాలి. కనీసం రెండు రోజులు ఆ చేలో ఎవర్నీ దింపకూడదు. పూత ఆగదు, రెండు రోజుల క్రాసింగ్ పోతే విత్తనం పోతుందని రైతు అంటాడు. ఆ మాటలో నిజం ఉంది. అందుకే చేనును భాగాలు చేసి, ఒక భాగంలో కొట్టినప్పుడు ఇంకో భాగంలో పని పెట్టుకోవాలి. తగ్గిన దిగుబడిని భరించేలా కంపెనీ ధర ఇవ్వాలి. ఈ షరతు కంపెనీ ఒప్పందంలోనే రాయించాలి.

రెండవది, నెల తప్పిందన్న అనుమానం వచ్చిన రోజునుంచే ఆ స్త్రీకి మందు తగలని పని, అదే కూలితో. 2013 ఆహార భద్రతా చట్టం 4వ సెక్షన్ ప్రతి గర్భిణికీ 6,000 రూపాయలకు తగ్గని ప్రసూతి సాయం హక్కుగా ఇచ్చింది. అది అందిందా లేదా అని ప్రతి ఊళ్ళో సంఘమే లెక్క తీయాలి. సీజన్ కూలి ముందు ఆ డబ్బు చాలదని కూడా గట్టిగా చెప్పాలి.

మూడవది, 14 ఏళ్ళలోపు పిల్లలు ఏ పనిలోనూ ఉండకూడదని 2016 సవరణ చెబుతోంది. బడి వేళ తర్వాత ఇంటి పనిలో సాయం చేయవచ్చునన్న మినహాయింపు సొంత చేనుకు దొడ్డిదారి అయింది. ప్రమాదకరం కాని పనికే ఆ మినహాయింపు. విషం కొట్టిన చేనులో పని ప్రమాదకరం కాదని ఎవరు చెబుతారో చెప్పమనాలి. ఈ ఆడపిల్లల ఒళ్ళే రేపు తల్లుల ఒళ్ళు.

నాలుగవది, నోటుపుస్తకం. ప్రతి సంఘంలో ఒకరు రాయాలి. తేదీ, మందు పేరు, ఎవరికి ఏమైంది, ఆసుపత్రికి వెళ్ళారా అన్న నాలుగు గళ్ళు చాలు. ఆశా అక్క, అంగన్‌వాడీ టీచరు తోడుంటే గర్భిణుల వివరాలు వేరుగా రాయవచ్చు. వాళ్ళ పేర్లు బయటపెట్టకుండా జాగ్రత్తపడాలి. ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో అట్రోపిన్ ఎప్పుడూ ఉందో లేదో అడగాలి. వచ్చిన కేసును "వాంతులు, నీరసం" అని రాయకుండా విషం సోకిన కేసుగా రాయమని పట్టుబట్టాలి.

అయిదవది, మందు తగ్గించడం. అసాధ్యమని చెప్పేవాళ్ళకు ఖమ్మం వైపు పునుకుల ఊరు చూపించండి. మందులకు మారుపేరైన ఆ పత్తి ఊరు 2004 నాటికి మందు లేని ఊరయింది. అందులో మహిళా సంఘాల పాత్ర పెద్దది. వేపగింజల కషాయం, పసుపు రంగు జిగురు అట్టలు, చేను చుట్టూ ఆముదం, బంతి వంటివి అక్కడినుంచి ఎన్నో ఊళ్ళకు పాకాయి. సీడు పత్తిలో ఇది మామూలు పత్తికంటే కష్టమే. కంపెనీ మనిషి మందుల జాబితా పట్టుకుని వస్తుంటే ఇంకా కష్టం. ఆ జాబితాలో మెదడుకు హాని చేసేవి ముందు కొట్టేయించడం తొలి మెట్టు.

ఈలోగా చేయగలిగినవి చేద్దాం. చేనుకాడ సబ్బు, వేరే నీళ్ళు ఉండాలి. చేతులు కడుక్కున్నాకే సద్ది విప్పాలి. చేలో తొడిగిన బట్టలు, మగవాళ్ళు మందు కొట్టిన బట్టలు వేరుగా ఉతకాలి. ఖాళీ డబ్బాలో నీళ్ళు, నూనె పోయొద్దు. డబ్బా ఇంట్లో పెట్టొద్దు. చంటిబిడ్డ ఉయ్యాల మందు కొట్టిన చేను దగ్గర కట్టొద్దు. ఇవన్నీ చేసినా హాని పూర్తిగా పోదు. సబ్బు మన జాగ్రత్త. చేలో విషం లేకుండా చూడడం మాత్రం కంపెనీ బాధ్యత, ప్రభుత్వ బాధ్యత. సబ్బు ఇచ్చి ఆ బాధ్యత తీరిందనిపించుకోవడానికి ఎవరినీ అనుమతించవద్దు.

పనికి తగిన కూలి అడిగాం. సమాన కూలి అడిగాం. పని చేసిన పాపానికి కడుపులోని బిడ్డ మెదడు మూల్యం చెల్లించకూడదన్నది కూడా కూలి హక్కే. దీన్ని ఆరోగ్యశాఖ వ్యవహారమని పక్కన పెట్టకుండా మన కోర్కెల పత్రంలో కూలి రేటు పక్కనే రాయాలి. వచ్చే సీజన్‌కు మొగ్గ గిల్లే పని మొదలయ్యేలోపు ఏ ఊళ్ళో ఎర్రగుడ్డ కట్టించగలమో, ఎక్కడ నోటుపుస్తకం తెరవగలమో ఇక్కడే మాట్లాడుకుని లేద్దాం. చర్చలో మీరు చెప్పే అనుభవాలు వినడానికి ఎదురుచూస్తూ ముగిస్తున్నాను.